మొహం చూసి మాట్లాడండి

2022 ఆగస్టు 20వ తేదీ సాయంత్రం మాదాపూర్ శిల్పకళావేదికలో మునవర్ ఫారూఖీ ప్రోగ్రాం జరిగింది. నా దగ్గర టికెట్ వుంది. నేను వెళ్లలేదు.

ఈ సంగతి ముందే ఒప్పుకోవాలి. ఎందుకంటే ఇక్కణ్నుంచి నేను చాలామంది మీద నేరం మోపబోతున్నాను. సెక్యులర్ మిత్రుల మీద, మా కౌమ్ పెద్దల మీద, మా వూరి స్నేహితుల మీద. నేను బోనెక్కకుండా మిమ్మల్ని ఎక్కించడం మర్యాద కాదు.

వెళ్లకపోవడానికి పెద్ద కారణం ఏం లేదు. "ఏదన్నా గొడవైతే ముందు పేరడుగుతారు బేటా" అంది అమ్మీ. అంతే. ఒక ముస్లిమ్ మగాడు ఇంట్లో కూచోడానికి ఆ ఒక్క మాట చాలు. ఆ రాత్రి ఫోను పట్టుకుని, ఈ ప్రోగ్రాం జరిగి తీరాల్సిందేనని ఎవరో రాసిన నాలుగు వాక్యాల కింద ఒక ఎర్రగుండె బొమ్మ పెట్టాను. పెట్టి, బాధ్యత తీరిపోయినట్టు పడుకున్నాను. మర్నాడు విచారిస్తే, అదే బొమ్మ పెట్టిన నా మిత్రుల్లో హాలుకి పోయినవాడు ఒక్కడూ లేడు. వాళ్లలో కవులున్నారు, లెక్చరర్లున్నారు, ఒకప్పుడు జెండా మోసినవాళ్లున్నారు. నన్నంటే అమ్మీ ఆపింది. వాళ్లనెవరు ఆపారు?

ఫారూఖీని ఎరగని పాఠకుల కోసం రెండు ముక్కలు. గుజరాత్‌లో జునాగఢ్‌లో పుట్టాడు. బొంబాయిలో డోంగ్రీ గల్లీల్లో పెరిగాడు. ఒక్కడే మైకు పట్టుకుని నిలబడి నవ్వించడం అతని పని. తన పేదరికం మీద జోకు, తన పేట మీద జోకు, తన వాళ్ల మీద జోకు, తనని చూసి భయపడేవాళ్ల మీద జోకు. అన్నీ నాకు నచ్చవు. కొన్ని వుత్త నోటిదురుసు. 2024లో కొంకణి వాళ్ల మీద అలాగే ఏదో వదిరి, తర్వాత క్షమాపణ చెప్పుకున్నాడు. అతనొక మహానుభావుడని నేను వాదించబోవడం లేదు.

2021 జనవరి 1 రాత్రి ఇండోర్‌లో ఒక కేఫ్‌లో అతని ప్రోగ్రాం. అక్కడి బిజెపి ఎమ్మెల్యే కొడుకు తన మనుషులతో వచ్చి కూచున్నాడు. ప్రోగ్రాం ఆపించాడు. దేవుళ్లని అవమానించాడని ఫిర్యాదు. ఆ రాత్రి అట్లా అవమానించినట్టు చూపించే వీడియో తమ దగ్గర లేదని పోలీసులే పత్రికలవాళ్లకి చెప్పారు. అయినా జైలే. జనవరి 28న మధ్యప్రదేశ్ హైకోర్టు బెయిలు ఇవ్వనంది. ఫిబ్రవరి 5న సుప్రీంకోర్టు ఇచ్చింది. ఇచ్చాక కూడా మర్నాడు రాత్రి పొద్దుపోయేదాకా జైలు తలుపు తెరుచుకోలేదు. అతనితో పాటు పట్టుకుపోయినవాళ్లలో హిందువుల కుర్రాళ్లున్నారు, ఒక క్రైస్తవుడున్నాడు. ముస్లిమ్‌తో కలిసి స్టేజి ఎక్కినందుకు వాళ్లకి దక్కిన బహుమానం అది.

మరి ఆ రాత్రి ఏమీ అనకపోతే కోపం ఎక్కణ్నుంచి వచ్చింది? పాత వీడియోలోంచి. అంతకుముందు ఏడాది ఇంటర్నెట్‌లో పెట్టి, గొడవయ్యాక తనే తీసేసి, తప్పయిందని చెప్పుకున్న జోకు ఒకటుంది. అది ఫోన్లలో తిరుగుతూనే వుంది. ఆ రాత్రి కేఫ్‌లోకి ఫారూఖీ కన్నా ముందు ఆ వీడియో వచ్చి కుర్చీ వేసుకుని కూచుంది. తర్వాత నడిచొచ్చిన మనిషిని ఎవరు చూశారు?

ఇక్కడ ఒక చిన్న విషయం వుంది, ఎవరూ పట్టించుకోలేదు. ఆ గొడవ వీడియో కూడా బయట తిరిగింది. స్టేజి దగ్గరికొచ్చిన ఎమ్మెల్యే కొడుకుతో ఫారూఖీ మాట్లాడుతున్నాడు. నేను మా వాళ్ల మీద కూడా జోకులేస్తాను భాయ్ అన్న ధోరణిలో సర్దిచెప్పబోతున్నాడు. ప్రేక్షకుల్లోంచి కొందరు ఫారూఖీ వైపు మాట్లాడుతున్నారు. అంటే ఎదురెదురుగా వున్న ఆ కాసేపూ అది ఇంకా మాటల మీదే నడిచింది. టికెట్ కొనుక్కుని వచ్చిన మామూలు జనం, వాళ్లలో ఎక్కువమంది హిందువులే అయ్యుంటారు, అతని పక్కన నిలబడ్డారు. చేతులు, కేసులు, జైళ్లు ఆ తర్వాత వచ్చాయి.

నా గొడవంతా దీని గురించే. ముస్లిమ్ కళాకారుడికి ఈ దేశంలో అనుమానం కొత్త కాదు. ఖాదర్ మొహియుద్దీన్ 'పుట్టుమచ్చ' రాసింది 1991లో. మన దేశంలో సెల్‌ఫోన్ మోగింది 1995లో. కాబట్టి అనుమానాన్ని ఫోను కనిపెట్టిందని చెప్పి ఎవరూ చేతులు కడుక్కోనక్కర్లేదు. రథయాత్ర రోజుల్లో విషం కాసెట్లలో వచ్చింది. ఫోను చేసింది వేరే పని. మొహం చూడాల్సిన అవసరాన్ని తీసేసింది.

దీనికి నా చిన్ననాటి సంగతి ఒకటి చెప్పాలి. మాది గుంటూరు జిల్లాలో ఒక పల్లెటూరు. షేక్ నాజర్ పుట్టిన జిల్లా. నాజర్ 1920లో పొన్నెకల్లులో పుట్టాడు. దూదేకుల ఇల్లు. ప్రజానాట్యమండలితో తిరిగాడు, పల్నాటి యుద్ధం చెప్పాడు, 1986లో పద్మశ్రీ అందుకున్నాడు. ఆయన జీవితకథ పుస్తకంగా వస్తే దాని పేరు 'పింజారి'. వూళ్లో తిట్టుగా వాడే మాట అది. ఆ ప్రాంతంలో బుర్రకథ దళాలకి కొదవ లేదు. మా చాచా కూడా అట్లాంటి ఒక చిన్న దళంలో వంత. బుర్రకథలో ముగ్గురుంటారు కదా. నడుమ తంబురా పట్టుకుని కథకుడు, రెండు పక్కలా డక్కీలు పట్టుకుని ఇద్దరు వంతలు. ఒక వంతది రాజకీయం, ఒక వంతది హాస్యం. మా చాచాది హాస్యం. కథ మధ్యలో ఆగి వూరి కరణాన్నీ, ప్రెసిడెంటునీ, తన బట్టతలనీ కలిపి ఎగతాళి చేసేవాడు. కథకుడు, రాజకీయం వాడు, హాస్యగాడు ముగ్గురూ ఒక్కడే అయితే అదే ఫారూఖీ పని. తంబురా బదులు మైకు. ఇదేదో అమెరికా నుంచి దిగిన సరుకనుకునే పెద్దలు కాస్త గుర్తు చేసుకోవాలి.

డెబ్బైల్లో ఒక శ్రీరామనవమికి మా పక్కవూరి పందిట్లో కథ. నేను ముందు వరసలో, చాప మీద. కథ రసపట్టులో వుండగా వెనక నించి ఒకాయన లేచాడు. తాగి వున్నాడు. "తురకోడికి రాముడి కథేందిరా?" అని కేకేశాడు. డక్కీ ఆగిపోయింది. పందిరంతా నిశ్శబ్దం. చాచా ఆయన్ని పేరు పెట్టి పిలిచాడు. "బావా, మొన్న నీ గేదె ఈనలేకపోతే అర్ధరాత్రి చెయ్యి పెట్టి దూడని లాగిందెవరు? అప్పుడు ఆ చెయ్యి తురకదా, హిందువులదా? గేదె నడిగి రాపో, పొద్దున చెబుదువు గాని" అన్నాడు. పందిరి గొల్లుమంది. ఆ తాగినాయన కూడా నవ్వాడు. నవ్వి, అక్కడే కింద కూలబడి తెల్లారిందాకా కథ విన్నాడు.

కథ ఇక్కడ ఆపితే సెక్యులర్ మిత్రులు ఎంతో సంతోషిస్తారని నాకు తెలుసు. గంగా జమునా తెహజీబ్ అని ఒక వ్యాసం కూడా రాస్తారు. నేనాపను. 1989లో రామశిలల పూజలప్పుడు ఆ వూళ్లో ఇటుకని నెత్తిన పెట్టుకుని వూరేగింది ఆ గేదె ఆసామే. చాచా చేసిన సాయం, ఆ రాత్రి నవ్వు ఏదీ ఆయన్ని ఆపలేదు. కానీ ఇటుక ఎత్తుకుని చాచా ఇంటి ముందు నుంచి పోలేకపోయాడు. చాచా అరుగు మీద కూచుని వున్నాడు. ఆసామి వూరేగింపులోంచి పక్కకి తప్పుకుని, వెనక సందులోంచి చుట్టూ తిరిగి వచ్చి, మలుపు దగ్గర మళ్లీ కలిశాడు. చాచా ఇది చూశాడు. చచ్చిపోయేదాకా చెప్పుకుని నవ్వేవాడు.

ఆ వెనక సందు గురించి నేను మాట్లాడుతున్నాను. ఆయన మనసులో ప్రేమ వుందని నేననను. సిగ్గు వుంది. రోజూ చూసే మొహం ఎదురుగా వుంటే కాలికి అడ్డం పడే సిగ్గు. మా బతుకులు ఎన్నో ఏళ్లు ఆ సిగ్గు మీదే గడిచాయి. గొప్ప సంగతేం కాదు, అయినా దాని చాటున పెళ్లిళ్లు చేసుకున్నాం, పొలాలు కౌలుకి తీసుకున్నాం, పిల్లల్ని బడికి పంపాం. ఫోన్లో వెనక సందు అక్కర్లేదు. అరుగు మీద చాచా కనపడడు.

మా పదో తరగతి బ్యాచికి వాట్సప్‌లో ఒక గ్రూపు వుంది. నలభై మందిమి. మొదట్లో ఎంత సంబరపడ్డామో. పాత ఫోటోలు, మాస్టార్ల బెత్తాలు, ఎవరి మనవడు ఎంత పొడుగయ్యాడో. 2020 మార్చి చివర్లో ఢిల్లీ నిజాముద్దీన్ మర్కజ్ సంగతి టీవీల్లో మొదలయింది. వారం తిరక్కుండా గ్రూపులో ఒక వీడియో. పండ్లమ్ముకునే ముసలి సాయిబు పండ్లకి వుమ్ము రాస్తున్నాడట, కరోనా అంటించడానికి. అది ఎక్కడో మధ్యప్రదేశ్‌ది, అంతకుముందు ఫిబ్రవరిలో తీసింది, ఆ ముసలాయనకి కరోనాతో సంబంధం లేదు అని కొన్నాళ్లకి తేలింది. తేలిన సంగతిని ఎవరూ గ్రూపులో పెట్టలేదు. నేను పెట్టాను. ఎవరూ చూడనట్టే వూరుకున్నారు.

ఆ వీడియో పెట్టినవాడు నా బెంచీ మిత్రుడు. పదేళ్లు రంజాన్‌కి మా ఇంట్లో సేమియా తిన్నవాడు. మా నాన్న పోయినప్పుడు జనాజాకి భుజం పట్టినవాడు. నేను గ్రూపులోంచి బయటికొచ్చేశాను. ఫలానావారు వెళ్లిపోయారు అని అప్పట్లో ఒక వాక్యం పడేదక్కడ. నలభై ఏళ్ల స్నేహానికి అంతే మర్యాద.

ఏడాది తర్వాత వూరెళ్లాను. బస్టాండులో వాడే కనపడ్డాడు. గబగబా వచ్చి చేతులు పట్టుకున్నాడు. "ఏరా, ఇట్టా చిక్కిపోయావేంటి, అమ్మ ఎట్టా వుంది" అన్నాడు. టీ తాగించాడు. తన మోటారు సైకిలు మీద ఇంటి దగ్గర దింపాడు. ఆ వీడియో సంగతి వాడెత్తలేదు, నేనెత్తలేదు. రాత్రి మా తమ్ముడు తన ఫోను చూపించాడు. అదే రోజు మధ్యాహ్నం వాడు ఇంకో గ్రూపులో పెట్టిన ఫార్వర్డు. మా జనాభా ఎప్పటికి వాళ్లని దాటిపోతుందో లెక్కలు. టీ తాగించినవాడూ వాడే, లెక్కలు పంపినవాడూ వాడే. రెండింటిలో ఏది నటన అని చాలా రోజులు బుర్ర పాడు చేసుకున్నాను. రెండూ కాదు. చెయ్యి పట్టుకున్నప్పుడు నేనున్నాను. లెక్కలు పంపినప్పుడు "ముస్లిమ్స్" వున్నారు. ఆ లెక్కల్లో నేనూ ఒక అంకెనని వాడికి తట్టనే తట్టదు.

ఇక సెక్యులర్ మిత్రుల ఫార్వర్డులు. వీళ్లు తిట్లు పంపరు, పాపం. వీళ్లు పంపేది షేక్ చినమౌలానా ఫోటో. ప్రతి శ్రీరామనవమికీ వస్తుంది. కరవది నించి పోయి శ్రీరంగంలో స్థిరపడి, గుడిలో నాదస్వరం వూదిన ముస్లిమ్, ఇదీ అసలైన భారతదేశం, అని. చినమౌలానా సాహెబు మా తల మీది కిరీటం. అందులో అనుమానం లేదు. కానీ ఆ ఫోటో నాకెందుకు పంపుతున్నారు? నేను దానికి ఏమని జవాబివ్వాలి? నేను నాదస్వరం వూదను. రాముడి మీద కీర్తన పాడను. అప్పుడు నా సంగతేంటి? మీ గుడి ముందు మీ పాట వాయించినప్పుడు మేం ముద్దొస్తాం. మా ఇంటి సంగతి, మా భయం, మా కోపం మైకు పట్టుకుని మా నోటితో చెబితే "ఇంత అవసరమా" అంటారు. 2021 నవంబర్ 28న బెంగళూరులో ఫారూఖీ ప్రోగ్రాం వుంది. అతను వివాదాస్పదుడు, శాంతిభద్రతలు చెడతాయి అని పోలీసులు నిర్వాహకులకి వుత్తరం రాశారు. రద్దు. ఆరు వందలకి పైగా టికెట్లు అమ్ముడుపోయాయని, రెండు నెలల్లో ఇట్లా పన్నెండు ప్రోగ్రాములు పోయాయని అతనే రాసుకున్నాడు. ద్వేషం గెలిచింది, కళాకారుడు ఓడాడు, ఇక సెలవు అన్నాడు. నా ఫోన్లో ఆ రోజు ఒక్క మిత్రుడూ చినమౌలానా ఫోటో పంపలేదు.

ఆ తర్వాత కె.టి. రామారావు, మా హైదరాబాదులో ఫారూఖీనీ, కునాల్ కామ్రానీ రద్దు చెయ్యం, రండి అని బహిరంగంగా పిలిచాడు. 2022 జనవరిలో జరగాల్సింది కోవిడ్ వల్ల వాయిదా పడి ఆగస్టు దాకా వచ్చింది. గోషామహల్ ఎమ్మెల్యే రాజాసింగ్ అప్పటికే ప్రకటించాడు: వస్తే కొడతాం, వేదిక తగలబెడతాం. పోలీసులు ఆయన్ని ముందే అదుపులోకి తీసుకున్నారు. హాలు చుట్టూ పోలీసు బందోబస్తు. ప్రోగ్రాం నిర్విఘ్నంగా అయిపోయింది. జనం నవ్వారు, చప్పట్లు కొట్టారు, ఇళ్లకి పోయారు. హాల్లో ఒక్క కుర్చీ విరగలేదు.

విరిగింది బయట, రెండు రోజుల తర్వాత. 22న రాజాసింగ్ ప్రవక్త మీద నోటికొచ్చినట్టు మాట్లాడిన వీడియో ఇంటర్నెట్‌లో వదిలాడు. 23న అరెస్టు, అదే రోజు విడుదల, పార్టీ సస్పెన్షన్. 25న పీడీ యాక్టు కింద మళ్లీ అరెస్టు. నవంబరులో హైకోర్టు ఆ ఉత్తర్వు కొట్టేసింది. 2023 అక్టోబరులో పార్టీ సస్పెన్షన్ ఎత్తేసి టికెట్టిచ్చింది. గెలిచాడు. మధ్యలో పాతబస్తీ రాత్రుళ్లు రోడ్ల మీద కూచుంది. పోలీసులు ఇళ్లలోకి వచ్చి కుర్రాళ్లని పట్టుకుపోయారు. ఈ చిట్టాలో ఎక్కడా ఇద్దరు మనుషులు ఎదురెదురుగా కూచుని మాట్లాడింది లేదు.

దీన్ని నడిపే కంపెనీలకి ఇదంతా తెలియదా? 2020 ఆగస్టులో వాల్‌స్ట్రీట్ జర్నల్ పత్రిక బయటపెట్టింది. ఇదే రాజాసింగ్ పేరు మీద వచ్చిన రాతలు తమ నిబంధనల ప్రకారం ప్రమాదకరమని ఫేస్‌బుక్ సిబ్బందే తేల్చారు. అయినా బిజెపి నాయకుల మీద చర్య తీసుకుంటే దేశంలో వ్యాపారం దెబ్బతింటుందని ఆ కంపెనీ ఇండియా అధికారి అడ్డుపడ్డారని ఆ కథనం. గొడవ పెద్దదయ్యాక సెప్టెంబరులో నిషేధించారు. ఆ పేజీలు తనవి కావని ఆయనన్నాడు. 2021లో ఆ కంపెనీ లోపలి కాగితాలు బయటికొచ్చాయి. 2017 నించీ కోపం బొమ్మ పెడితే మామూలు లైకు కన్నా ఐదు రెట్లు లెక్క కట్టారట, ఎవరికి ఏం చూపించాలో తేల్చడానికి. ఎర్రగుండెకీ అప్పట్లో ఐదే. యంత్రానికి ప్రేమా కోపమూ ఒకటే రేటు. 2020లో గానీ కోపాన్ని సున్నా చెయ్యలేదు. 2019 ఫిబ్రవరిలో ఆ కంపెనీ పరిశోధకులే కేరళలో వున్నట్టు ఒక వుత్తుత్తి ఖాతా తెరిచి, యంత్రం చూడమన్నవన్నీ చూస్తూ పోయారు. మూడు వారాల్లో తెర నిండా శవాలూ, ద్వేషమూ. ఆ ఖాతాకి స్నేహితుడు లేడు, శత్రువు లేడు. వుత్త యంత్రమే అక్కడికి తీసుకుపోయింది. నా బెంచీ మిత్రుడు రోజూ రాత్రి దాని పక్కన పడుకుంటున్నాడు.

ఇప్పుడు మా ఇంట్లోకి వస్తాను. మా వాళ్లు ఇప్పటిదాకా తల వూపుతూ చదివి వుంటారు. ఇక వూపరు.

2012లో కశ్మీరులో ముగ్గురు ఆడపిల్లలు, ఇంకా బడి వయసు వాళ్లు, ప్రగాష్ అని ఒక సంగీత బృందం పెట్టుకున్నారు. ఫేస్‌బుక్‌లో బూతులు, బెదిరింపులు. ఆ పైన పెద్ద ముఫ్తీ, పాట ఇస్లామ్‌కి విరుద్ధమని ఫత్వా. పిల్లలు వాయిద్యాలు మూట కట్టేశారు. 2017లో 'దంగల్' సినిమా పిల్ల జైరా వసీమ్ ఒక ముఖ్యమంత్రిని కలిసిందని, ఫేస్‌బుక్‌లో ఎంత తిట్టారంటే ఆ పదహారేళ్ల పిల్ల తప్పయిందని రాసుకోవాల్సొచ్చింది. తిట్టింది ఎవరు? బజరంగ్ దళ్ వాళ్లా? ఆ పిల్లల్లో ఒక్కరి పాటయినా ఎదురుగా కూచుని విన్నారా మా ముఫ్తీలు? 2022 ఆగస్టులో పాతబస్తీ నిరసనల్లో తల నరుకుతామన్న నినాదం వినపడింది. ఇదే పాతబస్తీలో, చాంద్రాయణగుట్టలో, 2018లో పిల్లల్ని ఎత్తుకుపోతున్నారన్న వాట్సప్ పుకారు నమ్మి ఒక హిజ్రాని గుంపు కొట్టి చంపింది. ఆమె పేరూ, వూరూ అడిగే ఓపిక కూడా లేకపోయింది. అనుమానం అంటే ఏమిటో తరతరాలుగా తెలిసిన మేమే ఇంకొకరి మొహం చూడకుండా చంపగలిగాం. ఈ మాట రాసినందుకు రేపు నన్ను ఏ గ్రూపులో ఏమంటారో నాకు తెలుసు. అనండి. కానీ నా ఇంటికొచ్చి అనండి, చాయ్ పెట్టిస్తాను.

మా ఆడవాళ్ల సంగతి ఇంకో రకం. 2021 జూలైలో ఒకసారి, 2022 కొత్త సంవత్సరం రోజున ఇంకోసారి, మాట్లాడే ముస్లిమ్ స్త్రీల ఫోటోలు ఇంటర్నెట్‌లోంచి తీసి వేలం పెట్టారు. జర్నలిస్టులు, విమాన పైలట్లు, నటి షబానా ఆజ్మీ, మన హైదరాబాదు స్త్రీలు. పట్టుబడ్డవాళ్లలో ఇరవయ్యేళ్ల చదువుకునే పిల్లలున్నారు. ఆ స్త్రీలలో ఒక్కరితోనూ ఒక్క మాటయినా మాట్లాడి వుంటారా? ముసుగేసుకుంటే అణగారినవాళ్లని జాలిపడతారు, మొహం చూపించి మాట్లాడితే వేలం వేస్తారు. మా ఇంట్లో ఆడపిల్లలు ఆ తర్వాత తమ ఫోటోలన్నీ తీసేశారు. పాటలు పాడి పెట్టేది మా అన్న కూతురు. మంచి గొంతు. అవీ తీసేసింది. దాన్ని ఎవరూ తీయమనలేదు.

ఫారూఖీ ఏమయ్యాడంటారా? గెలిచాడు. 2022 మేలో 'లాకప్' అని ఒక రియాలిటీ షోలో గెలిచాడు. నెల పైన నిజం జైల్లో వుండొచ్చినవాణ్ని జైలు సెట్టు వేసి అందులో పెట్టారు. వార్డెను లాగా అజమాయిషీ చేసింది కంగనా రనౌత్. 2024 జనవరిలో బిగ్‌బాస్ 17 కూడా గెలిచాడు. జనం ఫోన్ల మీద ఓట్లు గుద్దారు. డోంగ్రీలో పండగ చేసుకున్నారు. నాకూ సంతోషమే. కానీ ఒక్కటి అడుగుతాను. బెంగళూరులో ఆరు వందల మందిని ఎదురుగా కూచోబెట్టుకోడానికి పనికిరానివాడు, కెమెరాల మధ్య, గాజు వెనక, సబ్బుల ప్రకటనల నడుమ ఎట్లా పనికొచ్చాడు? జూలో పులిని చూడ్డానికి ఎవరూ భయపడరు. అక్కడ అతను ఏం చెప్పినా అది షో. ఆ ఓట్లు వేసినవాళ్లలో ఎంతమంది తమ అపార్ట్‌మెంటులో అతనికి ఫ్లాటు అద్దెకిస్తారు? నాకు ఇవ్వలేదు. పేరు చెప్పాక "ఓనరు అమెరికా నించి వస్తున్నాడు" అన్నారు. ఫోన్లోనే అన్నారు. గుమ్మంలో నిలబడి వుంటే ఆ అబద్ధం కాస్త కష్టమయ్యేదేమో.

ఫోన్లు పగలగొట్టమని నేను చెప్పడం లేదు. ఇండోర్ జైల్లో ఫారూఖీ వున్న సంగతి నాకు తెలిసింది ఫోన్లోనే. ఈ వ్యాసం కూడా రేపు ఎవరో ఫోటో తీసి పంపుకుంటారు, నాలుగు లైన్లు కత్తిరించి.

నేనడిగేది చిన్నది. సెక్యులర్ మిత్రులారా, ఈసారి మావాడు ఎవడన్నా, లేదా మా పిల్ల ఎవరన్నా, రవీంద్రభారతిలోనో, మీ వూరి కమ్యూనిటీ హాల్లోనో మైకు ముందు నిలబడితే, గుండె బొమ్మ పెట్టకండి. టికెట్ కొనుక్కుని రండి. ముందు వరసలో కూచోండి, వెనక నించి కేక వినపడితే తిరిగి చూడ్డానికి. జోకు బాగుంటే నవ్వండి. మా మీద జాలితో నవ్వొద్దు, తెలిసిపోతుంది. బాగాలేకపోతే మధ్యలో లేచి, ఇది బాగాలేదు సాయిబూ అని మొహం మీదే చెప్పండి. మా చాచా అయితే దానికి జవాబు చెప్పేవాడు. మావాడూ చెప్పుకుంటాడు.

నేనూ వస్తాను. ఈసారి అమ్మీకి చెప్పకుండా వస్తాను.